బస్సు దిగేది వెండి దారిలోనే: హిడాల్గో గైడ్‌లకు బహిరంగ లేఖ

మెక్సికో సిటీ నుంచి హిడాల్గో రాష్ట్రపు గనుల సీమకు రోజువారీ యాత్రలు నడిపే గైడ్ మిత్రులకు,

పొద్దున్నే పాతబస్తీలో జనాన్ని ఎక్కించుకుని, రియాల్ దెల్ మోంతేలో పాస్తేలు తినిపించి, వాస్కాలో భోజనం పెట్టించి, సాంతా మరియా రెగ్లాలో రాతి స్తంభాల ముందు ఫొటోలు తీసి, చీకటి పడే వేళకి తిరిగి తెచ్చి దించే యాత్ర మీది. దాంట్లో నేనూ వచ్చాను. ఇంటికి చుట్టాలొస్తే వాళ్ళనీ పంపిస్తున్నాను. మెక్సికో సిటీ నుంచి ఒక్క రోజులో పోయి రాగల చోట్లలో తెయొతివాకాన్ పిరమిడ్ల తర్వాత నా ఓటు దీనికే. కాబట్టి ఇది తిట్టడానికి రాస్తున్న ఉత్తరం కాదు. ఒకటి అడగడానికి రాస్తున్నాను.

తెలుగులో ఎందుకంటారా? ఐటీ ఉద్యోగాల పుణ్యమా అని మెక్సికో సిటీలో, గ్వాదలహారాలో, కెరెతారోలో మావాళ్ళు ఉన్నారు. వరసగా రెండు రోజులు సెలవొస్తే మీలాంటి వాళ్ళ బస్సే ఎక్కుతారు. వాళ్ళు దీన్ని చదివి, మీ వెనక సీట్లో కూర్చుని ప్రశ్నలు వేస్తారు. నా అరకొర స్పానిష్‌లో రాసిన ఉత్తరం కన్నా ఆ ప్రశ్నలే మీ దగ్గర బాగా పనిచేస్తాయి.

మీ కరపత్రంలో ఈ రోజు మూడు ముక్కలుగా ఉంటుంది. ఇంగ్లిష్ వాళ్ళ కొండ ఊరు. పొట్టి దయ్యాల ఊరు. అగ్నిపర్వతం కట్టిన స్తంభాలు. ఒకదానికొకటి సంబంధం లేనట్టు, ఒక్కోచోట ఒక్కో గంట. మా బస్సులో గైడ్ కూడా అలాగే చెప్పాడు. మంచి మాటకారి, నవ్వించాడు, పాటలు పెట్టాడు, ఎవరినీ వెనక వదిలెయ్యలేదు. కానీ దిగిన ప్రతిచోటా కొత్త కథ మొదలుపెట్టి, బస్సెక్కేలోపు దాన్ని ముగించేశాడు. నిజానికి ఆ రోజంతా ఒక్కటే కథ. రియాల్ దెల్ మోంతే కొండ కడుపులో తవ్విన ఖనిజం కంచరగాడిదల మీదికెక్కి ఎటు దిగి రెగ్లా లోయకు చేరిందో, మీ బస్సూ అటే దిగుతుంది. ఊళ్ళూ రాళ్ళూ వేరువేరు వింతలు కావు, ఒకే వెండి పరిశ్రమలోని భాగాలు. మీరు కొత్త చోట్లేమీ చేర్చక్కర్లేదు. ఉన్న చోట్లనే ఆ వరసలో చెప్పండి. నేను అడిగేది అంతే.

ఎలా చెప్పవచ్చో నాకు తోచినట్టు రాస్తాను. తప్పులుంటే దిద్దండి, మీ ఊరు మీకే బాగా తెలుసు.

మొదలు పచూకా నుంచి. మెక్సికో సిటీకి 90 కిలోమీటర్లకు కాస్త అటూ ఇటూ ఉన్న ఈ రాజధానిని మీరు కిటికీలోంచి చూపించి దాటేస్తారు. అదిగో గడియారం స్తంభం, 40 మీటర్ల ఎత్తు, 1910లో ప్రారంభించారు, ఇక్కడ గాలి ఎక్కువ, అని. దాంతోపాటు ఇంకొక్క మాట చెప్పండి. 1550ల నడుమ బర్తొలొమే దె మెదీనా అనే సెవిల్ వర్తకుడు ఈ ఊళ్ళోనే పాదరసంతో వెండి తీసే పద్ధతిని నిలబెట్టాడు. అంతకుముందు ఖనిజాన్ని కొలిమిలో కరిగించాల్సిందే. దానికి మేలైన ఖనిజం కావాలి, అడవులకు అడవులు కట్టెలు కావాలి. మెదీనా పద్ధతిలో నాసిరకం ఖనిజం కూడా పనికొచ్చింది. పొయ్యి బదులు ఎండ చాలు. రాళ్ళు పరిచిన పెద్ద పెరడు, ఉప్పు, రాగి లవణం, పాదరసం, తొక్కడానికి పశువులు ఉంటే సరి. స్పెయిన్ ఏలిన అమెరికా ఖండమంతటా ఆ పద్ధతి 300 ఏళ్ళకు పైగా నడిచింది. ప్రపంచంలో వెండి నాణేల కథ చెప్పేవాళ్ళంతా తలచుకోవాల్సిన ఊరు బస్సు కిటికీలోంచి అర నిమిషంలో దాటిపోతుంది. ఆపమని అడగను, ట్రాఫిక్ సంగతి నాకూ తెలుసు. మైకు మీ చేతిలోనే ఉందిగా.

తర్వాత ఘాట్ ఎక్కి రియాల్ దెల్ మోంతే. 2,700 మీటర్ల ఎత్తు, వాలుగా దిగే ఎర్ర కప్పులు, ఉన్నట్టుండి కమ్ముకునే పొగమంచు. కొత్తవాళ్ళకి రెండు వీధులు ఎక్కేసరికి ఆయాసం వస్తుంది. మా వయసు వాళ్ళు బస్సులో ఉంటే ఆ సంగతి ముందే హెచ్చరించండి. ఇక్కడ మీరు చెప్పేది ఇంగ్లిష్ వాళ్ళ గురించి. కార్న్‌వాల్ నుంచి గని పనివాళ్ళు వచ్చారు, పాస్తే తెచ్చారు, ఫుట్‌బాల్ తెచ్చారు, కొండ మీద వాళ్ళ శ్మశానం ఉంది, 2014లో ఇంగ్లండ్ యువరాజు చార్లెస్ వచ్చి చూసి వెళ్ళాడు. అన్నీ నిజాలే. పాస్తే సంగతి నేనూ ఒప్పుకుంటాను. వేడివేడిగా కాగితంలో చుట్టి ఇస్తే అంచు చూసి మా ఆవిడ ‘ఇది కజ్జికాయే’ అంది. వేలితో నొక్కి మెలిపెట్టిన మడతలు అచ్చం అలాగే ఉంటాయి, కాకపోతే మూడింతలు లావు. గనిలో మట్టి చేతులతో పట్టుకుని తిని, ఆ అంచు పారెయ్యడానికే అంత లావుగా చేసేవాళ్ళని మీరంటారు. లోపల బంగాళాదుంప, మాంసం. మెక్సికో వచ్చాక మిరపకాయ చేరింది, తర్వాత మోలే, బీన్స్, ఆఖరికి పాయసం లాంటి అన్నం పెట్టి తీపి పాస్తే కూడా. మా శాకాహారులు బీన్స్ పాస్తే చూసి సంబరపడతారు. పిండిలో పందికొవ్వు కలపడం పాత అలవాటు కాబట్టి, ఏ దుకాణంలో కలపరో ముందే చెబితే పుణ్యముంటుంది.

కానీ కార్న్‌వాల్ వాళ్ళు వచ్చింది 1820ల్లో. ఈ ఊళ్ళో అసలు కథ అప్పటికే పెద్దదైపోయింది. దాన్ని మీరు ‘అమెరికా ఖండంలో తొలి సమ్మె ఇక్కడే జరిగింది’ అని ఒక్క వాక్యంలో చెప్పి, గని కార్మికుడి విగ్రహం దగ్గర పది నిమిషాలు ఫొటోలకి వదిలేస్తారు. నేను ఎక్కువసేపు ఆగమనేది ఇక్కడే.

పేద్రో రొమెరో దె తెర్రెరోస్ 1710లో స్పెయిన్‌లోని కోర్తెగానాలో పుట్టాడు. ఇక్కడి విస్కైనా వెండి సిర నీళ్ళలో మునిగిపోయి ఉంటే, తన భాగస్వామి బుస్తమాంతేతో కలిసి కింద నుంచి సొరంగం తవ్వించి నీళ్ళు దింపించాడు. భాగస్వామి నడుమలోనే పోయాడు. పని పూర్తయ్యేసరికి తెర్రెరోస్ ఒక్కడే మిగిలాడు, వెండి పొంగింది. గనిలో పనిచేసేవాడికి అప్పట్లో రోజుకి నాలుగు రియాల్‌ల కూలి, దానిపైన పార్తీదో అనే వాటా ఉండేవి. రోజు లెక్క ప్రకారం యజమానికి నింపాల్సిన సంచులు నింపాక, ఆ పైన తవ్వినదాంట్లో సగం పనివాడిది. కూలి కన్నా ఈ వాటా మీదే ఇళ్ళు గడిచేవి. మేలైన రాయి ఏ మూల ఉందో చీకట్లో చేతి తడుముడుకే తెలిసిన మనిషి, తన సంచిలోకి దాన్నే ఏరుకునేవాడు. యజమానికి అది కంటగింపైంది. సంచుల సైజు పెంచాడు. పనివాడి సంచిని మిగతా నాసి ఖనిజంతో కలిపి తిరగేశాకే పంచాలన్నాడు. బరువులు మోసే పియోన్ల కూలి నాలుగు నుంచి మూడుకి దించాడు.

1766 జూలై ఆఖర్లో పనివాళ్ళు కూడబలుక్కుని పచూకాలోని రాజోద్యోగులకు అర్జీ పెట్టారు. తేలకపోతే మెక్సికో సిటీ దాకా వెళ్ళి వైస్రాయికి మొరపెట్టుకున్నారు. నాకు అబ్బురమనిపించేది ఇక్కడే. కోపం పట్టలేక రాళ్ళు విసరడం ఎక్కడైనా ఉంటుంది. వీళ్ళు మొదట కాగితం పట్టుకున్నారు. ఏ సంచిలో ఏం కలుపుతున్నారో, ఎవరి కూలి ఎంత కోశారో లెక్కలతో సహా రాయించారు. వారాలు గడిచినా చేతికి చిక్కిన న్యాయం నిలవలేదు. ఆగస్టు 15న ఊరు భగ్గుమంది. అల్కాల్దె మయోర్, అంటే ఇక్కడి న్యాయాధికారి, ఒక మేస్త్రీ ఆ రోజు హతమయ్యారు. జైలు తలుపులు తెరుచుకున్నాయి. తెర్రెరోస్ రెగ్లా వైపు తన హసియెందాకు, అంటే ఎస్టేటుకు, వెళ్ళిపోయాడు. తర్వాత న్యాయకోవిదుడు ఫ్రాన్సిస్కో హవియెర్ గంబోవా వచ్చి విచారించి కొత్త నిబంధనలు రాశాడు. పార్తీదో మళ్ళీ పనివాళ్ళకు దక్కింది. నాయకుల్లో కొందరికి శిక్షలు పడ్డాయి. రెండేళ్ళకి, 1768లో, రాజు తెర్రెరోస్‌ని రెగ్లా కౌంట్‌ని చేశాడు.

ఈ కథ చెప్పడానికి ఎంతసేపు పడుతుంది? చదివి చూసుకున్నాను, ఐదు నిమిషాలు. విగ్రహం దగ్గర ఫొటోల సమయంలో సగం.

ఇంకో చిన్న సంగతి. ఆ కౌంట్ 1775లో మెక్సికో సిటీలో పేదలకు తాకట్టు మీద అప్పులిచ్చే సంస్థ పెట్టించాడు. ఆ మోంతె దె పియెదాద్ ఇప్పటికీ నడుస్తోంది, ప్రధాన చౌకులో కెథడ్రల్‌కి ఎదురుగానే. మీ బస్సులు చాలావరకు బయల్దేరేది ఆ చుట్టుపక్కల నుంచే. పొద్దున జనం పూర్తిగా వచ్చేదాకా కాఫీ తాగుతూ నిలబడతారు కదా, అప్పుడే ఆ భవనం చూపించి ‘ఈ డబ్బు ఎక్కడ తవ్వారో చూడ్డానికి వెళ్తున్నాం’ అనండి. బస్సులో నిద్రపోయేవాళ్ళు తగ్గుతారు.

ఇప్పుడు కార్న్‌వాల్ వాళ్ళ దగ్గరికొద్దాం. మెక్సికో స్వతంత్రం తెచ్చుకునే పోరాటాల్లో గనులు మళ్ళీ నీట మునిగాయి. 1824లో లండన్‌లో రియాల్ దెల్ మోంతే కంపెనీ పుట్టింది. ఆవిరి యంత్రాల భాగాలు ఓడల్లో వెరాక్రూజ్ తీరానికి వచ్చాయి. వాటిని దింపి, మండే కోస్తా నుంచి ఈ కొండ మీదికి చేర్చేసరికి ఏడాది గడిచింది. తీరంలోనే పచ్చజ్వరం పట్టి కార్న్‌వాల్ వాళ్ళూ పోయారు, బళ్ళు తోలిన స్థానికులూ పోయారు. తీరా కంపెనీకి లాభం రాలేదు, 1840ల చివరికి చేతులెత్తేసింది. గనులు మెక్సికన్ యజమానుల చేతికి వెళ్ళాయి, కార్న్‌వాల్ మేస్త్రీలు మాత్రం చాలామంది ఉండిపోయారు. కొండ మీది శ్మశానంలో ఓయమెల్ చెట్ల కింద ఉన్నవి వాళ్ళ సమాధులే.

ఇక్కడ మీకు తెలియని ఒక ముక్క మా వైపు నుంచి ఇస్తాను, మీ కథలో కలుపుకోండి. ఆ కంపెనీ వెనకున్న గని ఇంజనీరు జాన్ టేలర్. ఆయన కుటుంబ సంస్థ జాన్ టేలర్ అండ్ సన్సే 1880లో దక్షిణ భారతదేశంలో కోలార్ బంగారు గనుల్లో అడుగుపెట్టింది. అక్కడా కార్న్‌వాల్ మేస్త్రీలే, అక్కడా చల్లటి బంగళాలు, చర్చీలు, వాళ్ళ శ్మశానం. కింద తవ్వినవాళ్ళు మాత్రం తమిళనాడు నుంచీ మా చిత్తూరు సీమ నుంచీ వెళ్ళిన కూలీలు. మాది కుప్పం వైపు. మా ఊళ్ళలో కేజీఎఫ్ అంటే బంగారం గుర్తు రాదు; దగ్గు గుర్తొస్తుంది. మూడు కిలోమీటర్లకు మించిన లోతులో రాతి ధూళి పీల్చిన ఊపిరితిత్తులు అవి. 1930లో అక్కడా పెద్ద సమ్మె జరిగింది, కూలీలందరూ వేలిముద్రలివ్వాలన్న నిబంధన మీద. 2001లో గనులు మూసేశారు, సైనైడ్ దిబ్బలు మిగిలాయి. రియాల్ దెల్ మోంతే వీధుల్లో ఇంగ్లిష్ వాళ్ళ ఇళ్ళని ముచ్చటగా చూపించినప్పుడు బస్సులో ఒక తెలుగువాడు ఎందుకు మూతి ముడుచుకున్నాడో ఇప్పుడు మీకు అర్థమవుతుంది.

ఆ దగ్గు సంగతి చెప్పడానికి మీ ఊళ్ళోనే చోటుంది. 1907లో కట్టిన గని కార్మికుల ఆసుపత్రి ఇప్పుడు కార్మిక వైద్య మ్యూజియం. పాత శస్త్రచికిత్స గది, పరికరాలు, సిలికోసిస్ వచ్చినవాళ్ళ గురించిన వివరాలు అక్కడున్నాయి. మ్యూజియంగా మార్చిన అకోస్తా గనిలోకి హెల్మెట్ పెట్టించి తీసుకెళ్తారు, పిల్లలకి అది సరదా. కానీ గని చూసినవాళ్ళు ఆసుపత్రి కూడా చూడాలి. రెండిటికీ టైము చాలదంటే, మధ్యలో వెండి నగల దుకాణంలో ఆపే నలభై నిమిషాలు కోసెయ్యండి. కమిషన్ పోతుందని తెలుసు, అయినా అడుగుతున్నాను.

అక్కడి నుంచి దిగుదల. రియాల్ దెల్ మోంతే నుంచి వాస్కాకి 600 మీటర్లు కిందికి. పైన్ చెట్లు పలచబడి, గాలి వెచ్చబడి, చెవులు మూసుకుపోయే ఈ ముప్పావు గంటలో బస్సులో పాటలు పెడతారు. ఇదే ఖనిజం దిగిన దిక్కని చెప్పాల్సింది ఈ దారిలోనే. గని పైనుంటే తెర్రెరోస్ శుద్ధి కార్ఖానాలు అంత దూరాన కిందెందుకు కట్టాడు? పైన నీళ్ళంటే గనిని ముంచే శత్రువు. కింద లోయలో ఎత్తు నుంచి పడే నీళ్ళు, అంటే చక్రాలు తిప్పే ఉచిత బలం. ఖనిజాన్ని పొడి చేసే దిమ్మెలు ఆ చక్రాలతోనే ఆడేవి. ఆ నీళ్ళ కోసమే సాంతా మరియా రెగ్లా, శాన్ మిగెల్ రెగ్లా, శాన్ ఆంటోనియో రెగ్లా అనే కార్ఖానాలు కట్టారు. మూడోది ఇప్పుడు ఆనకట్ట నీళ్ళలో మునిగి ఉంది, ఒక గోపురం కొస మాత్రం పైకి కనిపిస్తుంది. నీళ్ళ కోసం కట్టినది నీళ్ళలోనే పోయింది. మీరు పడవ షికారు అమ్మే చోట ఈ మాట అనుకోకుండా ఉండలేకపోయాను.

సాంతా మరియా రెగ్లా హసియెందా ఇప్పుడు హోటల్. మేం వెళ్ళిన రోజు పదిహేనేళ్ళ పుట్టినరోజు వేడుక ఫొటోలు తీస్తున్నారు. గులాబీ రంగు గౌను అమ్మాయి, వెనక నల్లటి రాతి కమానులు, గొడుగు పట్టుకున్న తమ్ముడు. వాళ్ళు పక్కకి జరిగాక నేలలో గుండ్రటి రాతి పళ్ళెం లాంటిది కనిపించింది. మా గైడ్ దాన్ని దాటి వెళ్ళిపోయాడు. అది అరాస్త్ర. వట్రంగా పరిచిన బండల చుట్టూ కంచరగాడిద తిరుగుతుంటే, గొలుసుకు కట్టిన పెద్ద రాయి ఈడుస్తూ ఖనిజాన్ని నీళ్ళతో కలిపి మెత్తటి బురదగా నూరుతుంది. వంగి చెయ్యి పెట్టి చూశాను. మధ్యలో బండ గరుకుగానే ఉంది. రాయి తిరిగిన వట్రంలో మాత్రం అరిగి నున్నబడింది, వేలితో గీత వెంట పోవచ్చు.

ఆ బురదని పెరట్లో పరిచి ఉప్పు, రాగి లవణం, పాదరసం చల్లి, కంచరగాడిదల చేత తొక్కించేవాళ్ళు. మనుషులు దిగి తొక్కిన కాలమూ ఉంది. వారాల తరబడి తొక్కితే పాదరసం వెండిని పట్టుకుంటుంది. బురద కడిగేసి, ముద్దని కాల్చితే పాదరసం ఆవిరై పోతుంది, వెండి మిగులుతుంది. ఆవిరైన పాదరసాన్ని మళ్ళీ పట్టాలని చూసేవాళ్ళు, ఎందుకంటే అది స్పెయిన్‌లో అల్మదేన్ గనుల నుంచి ఓడల్లో రావాలి, రాజుగారి గుత్త సరుకు. పట్టుబడనిది గాల్లోకి, నీళ్ళలోకి, పనివాళ్ళ ఒంట్లోకి పోయింది. చేతుల వణుకు, పళ్ళు ఊడటం, మతి తప్పడం పాదరసం చేసే పనులు. ఇష్టపడి ఇక్కడికి వచ్చేవాళ్ళు తక్కువ కాబట్టి మనుషుల్ని దారుల్లో పట్టుకొచ్చి పనికి పెట్టేవాళ్ళు. ఆ పెరడే ఇప్పుడు పెళ్ళిళ్ళ పచ్చిక. పెళ్ళిళ్ళు వద్దని నేననను. కట్టడం నిలవాలంటే డబ్బు రావాలి. మీ నోటివెంట మాత్రం ఆ మాట రావాలి.

ఇక అందరూ ఎదురుచూసే స్తంభాలు. హసియెందా పక్క లోయే. ముప్ఫై నుంచి యాభై మీటర్ల ఎత్తున, ఐదారు పలకల నల్ల రాతి కంబాలు ఒకదానికొకటి అంటుకుని నిలబడి ఉంటాయి, నడుమ నుంచి నీళ్ళు దూకుతాయి. ఆ నీళ్ళు శాన్ ఆంటోనియో ఆనకట్ట వైపు నుంచి వచ్చేవే. ఊగే వంతెన మీద నిలబెట్టి మా గైడ్ అన్నాడు: కాగే లావా చల్లటి నీళ్ళని తాకి ఒక్కసారిగా పగిలి ఇలా అయిందని. ఈ మాట చాలామంది నోట విన్నాను, దయచేసి మార్చండి. నీళ్ళు చల్లారే వేగాన్ని మార్చగలవు గానీ, స్తంభం కట్టేది నిదానమే. లావా మందంగా పరుచుకుని పైనుంచీ కిందనుంచీ చల్లారుతుంది. చల్లారిన రాయి కుంచించుకుంటుంది, బీటలిస్తుంది. బీటలు సమంగా పంచుకుంటే ఆరు పలకల ఆకారం వస్తుంది, అటూ ఇటూ అయితే ఐదో ఏడో. వేడి లోపలికి తగ్గుతున్న కొద్దీ ఆ బీట లోపలికి దిగుతూ పోతుంది, స్తంభం పొడవు పెరుగుతుంది. చల్లారే ముఖానికి స్తంభం ఎప్పుడూ లంబంగా ఉంటుంది. అందుకే ఇక్కడ కొన్ని నిలువుగా, కొన్ని ఒరిగి, కొన్ని పడుకుని ఉంటాయి. పడుకున్న చోట వేడి పక్కకి పోయిందన్నమాట. ఈ ఒక్క మాట చెప్పి చూడండి, ఫొటో తీసుకుని తిరిగే జనం మళ్ళీ గోడ వైపు తిరుగుతారు. మా గుంపులో ఇంజనీరింగ్ చదివే అమ్మాయి ఉంది. నేను ఇది చెప్పాక వంతెన దిగకుండా ఏ గుత్తి ఎటు చల్లారిందో వేలితో చూపిస్తూ నిలబడిపోయింది. వెనక లైను ఆగి కేకలు వేశారు, నిజమే.

అన్నట్టు, హంబోల్ట్ వీటిని ‘కనిపెట్టాడు’ అనకండి. ఆయన వచ్చింది 1803లో. బొమ్మ గీశాడు, అది 1810 నాటి తన పుస్తకంలో అచ్చయింది, యూరప్‌లో పేరొచ్చింది. అప్పటికి దశాబ్దాలుగా ఈ స్తంభాల పక్కనే పాదరసం బురద తొక్కుతున్నారు. రోజూ పొద్దున లేచి వీటినే చూసినవాళ్ళని మర్చిపోయి జర్మన్ పెద్దమనిషికి ఘనత కట్టబెట్టడం న్యాయం కాదు.

ఈ స్తంభాల నల్లరాయి, బసాల్ట్, మాకు కొత్త కాదని కూడా మీ చెవిన వేస్తాను. దక్కన్ లావా తూర్పున మా గోదావరి దాకా వచ్చింది. రాజమండ్రి దగ్గర గౌరీపట్నం, పంగిడి క్వారీల్లో అదే జాతి నల్లరాయిని పేల్చి కంకర చేసి రోడ్లకి పరుస్తున్నాం. ఆదిలాబాద్ పత్తి పండే నల్లరేగడి కూడా ఆ రాయి అరిగి అయిన మట్టే. మేం రోడ్లకి పరిచే రాయికి మీరు టికెట్టు పెట్టి, వంతెన కట్టి, 2017లో యునెస్కో గ్లోబల్ జియోపార్క్ గుర్తింపు తెచ్చుకున్నారు. ఈర్ష్యతో అంటున్నానని అనుకోండి, ఆ జియోపార్క్ అనే మాట మీరు ఒక్కసారైనా పలికితే బాగుండేది. తొమ్మిది మునిసిపాలిటీల్లో పరుచుకున్న ఆ పార్కు అసలు చెప్పేదే నేను ఇంత పొడుగున చెబుతున్నది: వెండి సిరలు పట్టింది పాత అగ్నిపర్వతాల రాళ్ళ బీటల్లోకి వేడినీళ్ళు ఎక్కడం వల్ల, స్తంభాలు వాటి తర్వాతి లావా, ఎపసొయూకాన్ వైపు నవాహాస్ కొండల్లో దొరికే ఆకుపచ్చ అబ్సిడియన్, అంటే అగ్నిపర్వత గాజు, తెయొతివాకాన్ వాళ్ళ కత్తులకు వెళ్ళింది. రాయి ఉండబట్టే మనుషులు వచ్చారు. మీ స్టాళ్ళలో అమ్మే అబ్సిడియన్ తాబేళ్ళు కూడా ఆ కథలోవే. ధర మాత్రం బేరం ఆడాలి.

వాస్కాలోని పొట్టి దయ్యాల మ్యూజియం గురించి ఏం చెప్పను. గుర్రాల జూలులో ముడులు అద్దాల పెట్టెలో పెట్టి దయ్యాలు వేశాయంటారు. పిల్లలకి నచ్చింది, నాకూ కాసేపు నవ్వొచ్చింది. వాస్కా 2001లో దేశంలోనే తొలి ‘మాయా పట్టణం’గా గుర్తింపు పొందింది కాబట్టి ఆ మాటకు తగ్గ వేషం ఒకటి కావాలి కాబోలు. ఉండనివ్వండి. దానికిచ్చే అరగంటలో పది నిమిషాలు అరాస్త్రకి ఇవ్వండి.

ఇక ఈ ఉత్తరం చదివే తెలుగువాళ్ళకి. మీ గైడ్‌ని నాలుగు అడగండి: ఖనిజం ఇంత దూరం కిందికి ఎందుకు తెచ్చారు? ఈ స్తంభం ఎందుకు ఒరిగింది? పెరట్లో ఏం కలిపి తొక్కారు? సంచిలో ఏం కలిపారని 1766లో పని ఆపారు? గైడ్‌కి తెలియకపోతే వెటకారం చెయ్యకండి, వాళ్ళకి ఈ ఉద్యోగంలో మిగిలేది టిప్పే. బాగా చెబితే నిండుగా ఇవ్వండి. స్వెట్టర్ తీసుకెళ్ళండి, పాస్తే దగ్గర లైను పెద్దదిగా ఉంటే రెండు వీధులు పైకెక్కండి.

గైడ్ మిత్రులారా, వచ్చే నెల మా అక్కా బావా వస్తున్నారు. బావ సింగరేణిలో పనిచేసి రిటైరయ్యాడు, బొగ్గు గనిలో ఓవర్‌మన్. మీ బస్సులోనే వస్తాం. ఆయనకి స్పానిష్ రాదు, ఇంగ్లిష్ అంతంతమాత్రం, కానీ ఖనిజం సంచుల లెక్క దగ్గర మీరు తడబడితే వెంటనే పట్టుకుంటాడు. నేను పక్కన కూర్చుని అనువాదం చేస్తాను. సాధ్యమైతే ఆ రోజు ఆసుపత్రి మ్యూజియం తెరిచి ఉండేలా వారం చూసుకుని చెప్పండి, టిక్కెట్లు దానికి తగ్గట్టు తీసుకుంటాం.

ఇట్లు,
మెక్సికో సిటీలో ఉంటున్న ఒక కుప్పంవాసి